మా ఇంటిపేరు ఖామోషీ కాదు

సెమినార్ హాల్లో మేం నోరు తెరిస్తే ఆవేశం అంటారు. నోరు మూసుకుంటే అంగీకారం అంటారు. లేచి వెళ్లిపోతే మతపిచ్చి అంటారు. చర్చకు నియమాలు రాసేది మీరే, తీర్పు చెప్పేది మీరే, మాట్లాడలేదేమని మమ్మల్ని నిలదీసేదీ మీరే.

'ముస్లింలు మేధో చర్చల్లోకి రారు, వాళ్లకు మసీదూ మద్రసా చాలు' అనే మాట విని విని మాకు విసుగొచ్చింది. మేం రాకపోవడమేంటి? వచ్చాం. వెనక బెంచీల్లో కూచున్నాం. పేపర్లు రాసుకొచ్చాం. రాసుకొచ్చిన దాంట్లో సగం చదవకుండా మడిచి జేబులో పెట్టుకుని ఇంటికి పోయాం. ఆ మడిచిన సగం గురించే ఈ వ్యాసం. మా మౌనం మాతోపాటు పుట్టలేదు. దానికి చరిత్ర ఉంది, చిరునామా ఉంది, దాన్ని పెంచి పోషించినవాళ్లున్నారు.

అమెరికాలో నల్లవాళ్ల అనుభవం నుంచి మొదలుపెడదాం, ఎందుకంటే అక్కడి మాట వినడానికి మన పండితులకు అభ్యంతరం ఉండదు. తన జాతి మనిషి తనను తాను ఎప్పుడూ ఎదుటివాడి కళ్లతోనే చూసుకోవాల్సి వస్తోందని 1903లోనే డబ్ల్యూ.ఇ.బి. డుబాయ్ రాశాడు. 2011లో క్రిస్టీ డాట్సన్ అనే నల్లజాతి తత్వశాస్త్రవేత్త ఈ మౌనాన్ని రెండు రకాలుగా విడదీసి చెప్పింది. మాట్లాడే మనిషికి ఏదన్నా తెలిసి ఉంటుందని వినేవాడు ఒప్పుకోకపోవడం వల్ల వచ్చే మౌనం ఒకటి. రెండోది ఇంకా లోతైంది. ఈ మాట వినేవాడికి ఎక్కదు, ఎక్కకపోగా మనకే ముప్పు అని ముందే తెలిసి, మాట్లాడే మనిషే తన సాక్ష్యాన్ని వినేవాడు భరించగలిగినంత వరకే కత్తిరించుకోవడం. మొదటిది నోరు నొక్కడం. రెండోది నాలుక మడుచుకోవడం. మొదటిదాని మీద ఫిర్యాదు చెయ్యొచ్చు. రెండోదాని మీద ఎవరికి ఫిర్యాదు చేస్తాం? కత్తెర మా చేతిలోనే ఉంది కదా!

అక్కడ రంగు చేసే పనిని ఇక్కడ పేరు చేస్తుంది. షేక్, సయ్యద్, మహమ్మద్, పఠాన్. హాజరుపట్టీలో ఆ పేరు పిలవగానే మేం ఏం అనబోతున్నామో క్లాసుకు ముందే తెలిసిపోతుంది. దళితుడికి ఊరు చెప్పగానే, వాడ చెప్పగానే జరిగేది కూడా ఇదే. రంగు లేదు కాబట్టి మన దగ్గర జాతివివక్ష లేదనేవాళ్లు ఒకసారి షేక్ అనే పేరుతో ఈ నగరంలో అద్దె ఇంటికి తిరిగి చూడండి. ఆ తర్వాత అదే పేరుతో ఇంటర్వ్యూ బోర్డు ముందు కూచుని చూడండి.

హిమాయత్‌నగర్‌కు రండి, చూపిస్తాం. ఈ ఒక్క పేటలోనే ఉర్దూ హాలు ఉంది. తెలుగు అకాడమీ ఉంది. మఖ్దూం భవన్ ఉంది. ఉర్దూ హాల్లో ముషాయిరా జరిగితే తెలుగు ప్రొఫెసరు రాడు. ఆయనకు ఆ భాషతో పనిలేదు. ఇక 1968లో తెలుగు అకాడమీ పుట్టింది ఉన్నత చదువులకు తెలుగులో పుస్తకాలు ఇవ్వడానికి. మంచి పనే. అంతకు 50 ఏళ్ల ముందే ఉస్మానియా కోసం దారుల్ తర్జుమా అదే పనిని ఉర్దూలో చేసింది. గణితం, న్యాయం, వైద్యం ఈ దేశపు భాషలో చెప్పొచ్చని చూపించింది. పారిభాషిక పదాల కోసం రెండు భాషల పండితులూ ఒకే రకంగా తలలు పట్టుకున్నారు. ఈ చుట్టరికం గురించి తెలుగు పిల్లలకు ఎవరు చెప్పారు? పాఠ్యపుస్తకాల్లో మేం కుతుబ్‌షాహీల పాఠంలో ఒకసారి కనిపిస్తాం, రజాకార్ల పాఠంలో మళ్లీ కనిపిస్తాం. ఆ రెండు పాఠాల మధ్య దూది ఏకిన మనిషి, బీడీలు చుట్టిన ఆడమనిషి, పంక్చర్లు వేసిన కుర్రాడు ఎక్కడా కనిపించరు.

మఖ్దూం భవన్ సంగతి. మఖ్దూం మొహియుద్దీన్ ఉర్దూ కవి, సిటీ కాలేజీలో పాఠాలు చెప్పినవాడు, నిజాం మీద తిరగబడ్డ కమ్యూనిస్టు. 1969లో పోయాడు. ఆయన పేరు పెట్టుకున్నందుకు షుక్రియా. కాని గోడ మీద పేరు రాయడం తేలిక. అలాంటి పేర్లున్నవాళ్లు వేదిక మీద ఎంతమంది? వాళ్లు మాట్లాడింది తీర్మానంలోకి ఎక్కింది ఎంత?

ఇంట్లో దక్కనీ మాట్లాడి, బడిలో తెలుగు చదివి, తెలుగులోనే కవిత్వం రాసే మాకు ఈ మూడు గుమ్మాల్లో ఏదీ పూర్తిగా మాది కాదు. ఉర్దూ సభలో మేం తెలుగువాళ్లం. తెలుగు సభలో మేం తురకలం. సెక్యులర్ సభలో మేం ఉదాహరణలం.

ఇక చర్చలో మా నోరు ఎట్లా కట్టేస్తారో వివరంగా చెప్పుకుందాం.

మొదటిది సుంకం. మాకు మాట్లాడే అర్హత రావాలంటే ముందు సుంకం కట్టాలి. పీర్ల పండుగ మీద పేపరు చదవబోయినా ముందు పాకిస్తాన్‌ను తిట్టాలి, రజాకార్లను తిట్టాలి, తలాఖ్ మీద మా వైఖరేంటో చెప్పాలి. ఇదంతా అయ్యేసరికి మాకిచ్చిన పది నిమిషాల్లో ఏడు నిమిషాలు అయిపోతాయి. చంపారన్ మీద పేపరు చదివేవాడిని గాడ్సే గురించి సంజాయిషీ అడిగినవాడు ఉన్నాడా?

రజాకార్లను మేం ఖండించలేదా? షోయబుల్లా ఖాన్ ఎవరు? 'ఇమ్రోజ్' పత్రిక పెట్టి రజాకార్లకు వ్యతిరేకంగా రాసినందుకు 1948 ఆగస్టులో ఈ హిమాయత్‌నగర్ పక్కనే కాచిగూడలో వాళ్ల చేతుల్లో చచ్చిపోయిన ముస్లిం. విసునూరు దేశ్‌ముఖ్‌ల మీద కోర్టులో గెలిచి ప్రాణం పోగొట్టుకున్న షేక్ బందగీ ఎవరు? అయితే ఒక మాట. ఈ పేర్లను మేం రసీదుల్లాగా చూపించం. షోయబుల్లా ఖాన్ మా తరఫున సుంకం కట్టడానికి చావలేదు. తను నమ్మింది రాసి చచ్చిపోయాడు. ఆయన్ని మీకు మంచి ముస్లిం నమూనాగా అప్పగించడం ఆయన్ని మళ్లీ చంపడమే.

రెండోది పొగడ్త. 'ఎంత చక్కటి తెలుగండీ మీది!' పిఠాపురంలో ఉమర్ ఆలీషా తెలుగు పద్యం రాశాడు. పొన్నెకల్లు నుంచి వచ్చిన షేక్ నాజర్ బుర్రకథతో ఊళ్లకు ఊళ్లను కూచోబెట్టాడు. 1991లో ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ' వచ్చింది. 1998లో 'జల్‌జలా' వచ్చింది. ఇంతయ్యాక కూడా మేం తెలుగు మాట్లాడితే మీకు ఆశ్చర్యం వేస్తోందంటే, ఆ భాష మీ ఇంట్లో మేం అద్దెకుంటున్న గదని మీరు అనుకుంటున్నట్టే. దీని వెనకే ఇంకోటి వస్తుంది. 'మీరు అందరిలాంటివారు కాదు సాబ్.' మా అమ్మానాన్నల్ని, మా గల్లీని తిట్టి మమ్మల్ని మెచ్చుకోవడమంటే ఇదే. ఆ పొగడ్తకు నవ్విన రోజునే సగం నోరు పడిపోతుంది.

మూడోది పనుల విభజన. అనుభవం మేం తేవాలి, సిద్ధాంతం మీరు కట్టాలి. ఇటుకలు మోసేది మేం. శిలాఫలకం మీద పేరు మీది. పాతబస్తీ గురించి ఎవరన్నా పరిశోధన చేస్తే మేం గల్లీలు చూపించాలి, అనువాదం చెయ్యాలి, ఇరానీ చాయ్ తాగించాలి. పుస్తకం అచ్చయ్యాక ముందుమాటలో 'మిత్రులకు కృతజ్ఞతలు' అన్న రెండు ముక్కల్లో మేం ఇమిడిపోవాలి.

నాలుగోది గొంతు. 'కాస్త నెమ్మదిగా చెప్పండి. ఆబ్జెక్టివ్‌గా ఉండండి.' తన అగ్రహారం గురించి ఆచార్యులవారు రాస్తే అది సంస్కృతి. మా బస్తీ గురించి మేం రాస్తే అస్తిత్వ రాజకీయం. ఆయన కన్నీరు సాహిత్యం, మా కన్నీరు సాక్ష్యాధారం లేని ఆరోపణ. తటస్థత అనే కుర్చీ ఎప్పట్నుంచో ఒకే ఇంటి మనిషి కింద ఉంది. అందుకే ఆయనకు అది కుర్చీలాగా కాక నేలలాగా కనిపిస్తోంది.

ఈ నాలుగూ మాటలే కదా, మాటలకు భయపడతారా అని అడగొచ్చు. మాటల వెనక సంతకాలున్నాయి. పీహెచ్‌డీ చేసే పిల్లకు గైడు సంతకం కావాలి. సినాప్సిస్ గట్టెక్కాలంటే కమిటీ తల ఊపాలి. ఫెలోషిప్ బిల్లు మీద హెడ్ సంతకం కావాలి. వైవాలో బయటి నుంచి వచ్చే పరీక్షకుడు ఎవరి స్నేహితుడో ఆ పిల్లకు తెలుసు. చదువు అయ్యాక దొరికేది కాంట్రాక్టు ఉద్యోగం. మళ్లీ ఏడాది దాన్ని పొడిగించాలంటే మళ్లీ సంతకం. పదిమందిలో గైడును ఎదిరించి ఒక్క వాక్యం అంటే దాని ఖరీదు ఎంతో ఆ పిల్ల లెక్క వేసుకుంటుంది. ఆమె లెక్క తప్పు కాదు. అందుకే పోలీస్ యాక్షన్ మీద పనిచేద్దామని వచ్చిన అమ్మాయి చివరికి ఎవరికీ అభ్యంతరం లేని ఒక కవి కవిత్వంలో అభ్యుదయ భావాలను లెక్కపెట్టి డిగ్రీ తీసుకుని వెళ్తుంది. దాన్ని మీరు ఆమె స్వేచ్ఛగా చేసుకున్న ఎంపిక అని రికార్డుల్లో రాసుకుంటారు.

ఒంటరితనం కూడా ఒక కారణం. పేరున్న కాలేజీల్లో డిగ్రీ విద్యార్థులు 25 మందిలో ఒక్కరు, పీజీలో 50 మందిలో ఒక్కరు మాత్రమే ముస్లింలని 2006లో సచార్ కమిటీ చెప్పింది. యాభైమందిలో ఒక్కడు లేచి నిలబడితే వాడు తన మాట చెప్పుకునే మనిషిగా ఉండడు. మొత్తం కౌమ్‌కు వకీలు అవుతాడు, అదే క్షణంలో ముద్దాయి కూడా అవుతాడు. తప్పు మాట్లాడే హక్కు, తొట్రుపడే హక్కు, 'నాకింకా తెలీదు' అనే హక్కు మిగతా నలభై తొమ్మిదిమందికి ఉన్నాయి. వాడికి లేవు. చదువంటే తొట్రుపడుతూ నేర్చుకోవడమే అయితే వాడిని క్లాసులో కూచోబెట్టి చదువు లేకుండా చేసినట్టే.

ఇప్పుడు చరిత్ర. తెలుగు మిత్రులారా, ఇది మీ సొంత గాయం కూడా. 1921 నవంబరులో కోఠీ దగ్గర వివేకవర్ధని థియేటర్లో, కార్వే అధ్యక్షతన సంఘ సంస్కరణ సభ జరిగింది. మిగతా భాషల ఉపన్యాసాలను ఓపిగ్గా విన్న సభ, ఆలంపల్లి వెంకటరామారావు తెలుగులో మాట్లాడబోతే గోల చేసింది. ఆ అవమానంలోంచే ఆంధ్ర జన సంఘం పుట్టింది. ఆ తర్వాత తెలంగాణలో కవులే లేరన్నవాడికి జవాబుగా సురవరం ప్రతాపరెడ్డి 354 మందితో 1934లో 'గోలకొండ కవుల సంచిక' తెచ్చాడు. 1938లో ఉస్మానియా హాస్టళ్లలో వందేమాతరం పాడిన విద్యార్థుల్ని తరిమేస్తే, పి.వి. నరసింహారావులాంటివాళ్లు నాగపూర్ వెళ్లి చదువుకున్నారు. అప్పుడు ఉర్దూ దర్బారు భాష. దర్బారు భాషకు పక్కవాడి గొంతు గోలలాగా వినిపిస్తుంది. అది అన్యాయమని మేం ఇప్పుడు మొహమాటం లేకుండా అంటున్నాం. నిజాం మా పేరు పెట్టుకున్నాడని ఆయన చేసిందంతా మా ఖాతాలో వేసుకోం.

మరి మీరు? మీ ఉద్యమ చరిత్ర అంతా ఒక సభలో నవ్వులపాలైన ఒక్క గొంతుతో మొదలైంది కదా. నవ్వేవాళ్ల వరసలోకి మీరు ఎప్పుడు మారారు?

1948 సెప్టెంబరు తర్వాత ఉస్మానియాలో ఉర్దూ మాధ్యమం పోయింది. దాని స్థానంలోకి తెలుగు రాలేదు, ఇంగ్లీషు వచ్చింది. ఉర్దూలో చదివినవాళ్ల చదువు రాత్రికి రాత్రి చెల్లని నాణెమైంది. అదే ఏడాది చివర్లో పండిట్ సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫార్‌ల బృందం ఊళ్లు తిరిగి ప్రభుత్వానికి నివేదిక ఇచ్చింది. తక్కువలో తక్కువగా చూసినా 27 వేల నుంచి 40 వేల మంది దాకా చనిపోయారని అందులో రాసింది. మరాఠ్వాడా, కన్నడ జిల్లాల్లో ఎక్కువ ఘోరం జరిగింది. ముస్లింలను కాపాడిన హిందువుల గురించి కూడా అందులో ఉంది. ఆ నివేదికను దశాబ్దాలపాటు ప్రభుత్వం బయటపెట్టలేదు. 1950లోనే విల్‌ఫ్రెడ్ కాంట్‌వెల్ స్మిత్ అనే విదేశీ పండితుడు హైదరాబాద్ ముస్లింల విషాదం గురించి వ్యాసం రాశాడు. 2010ల్లో ఎ.జి. నూరానీ తన పుస్తకంలో ఆ నివేదికను అచ్చువేశాడు. ఇక్కడి విశ్వవిద్యాలయాల చరిత్ర శాఖలు అంతకాలం ఏం చేశాయి? సెప్టెంబరు 17 విమోచనమా, విలీనమా, విద్రోహమా అని ప్రతి ఏడూ పంతాలు పడే పండితులు ఆ మూడు మాటల్లో చచ్చిపోయినవాళ్లకు చోటెక్కడో చెప్పలేదు. ఆ ఇళ్లలోని అవ్వలు కూడా చెప్పలేదు. 'జానేదో బేటా' అన్నారు. ఆ మాట మరుపు కాదు. బతకడానికి కట్టిన సుంకం.

అవ్వల మౌనం మనవలకు ఎట్లా వచ్చిందో కూడా చెప్తాం. 2007 మే 18న మక్కా మసీదులో పేలుడు జరిగింది. చచ్చిపోయింది మావాళ్లు. పోలీసులు పట్టుకుపోయిందీ మా పిల్లల్నే. అందులో చదువుకుంటున్న కుర్రాళ్లున్నారు. కోర్టుల్లో నిర్దోషులని తేలాక ప్రభుత్వమే కొందరికి నష్టపరిహారం ఇచ్చింది. తర్వాత వేరేవాళ్ల మీద పెట్టిన కేసును 2018లో ఇదే నాంపల్లిలోని ప్రత్యేక కోర్టు కొట్టేసింది. అంటే ఆ పేలుడు ఎవరూ చెయ్యలేదు! ఆ రోజుల తర్వాత కాలేజీకి పోయే కొడుక్కి ప్రతి ముస్లిం తల్లీ ఒకటే చెప్పింది. చదువుకో, సంతకాలు పెట్టొద్దు, సంఘాల్లో చేరొద్దు, నోరు మెదపొద్దు. ఆ కొడుకు మీ క్లాసులో వెనక బెంచీ మీద కూచున్నాడు. వాడికి ఆసక్తి లేదని మీరు మార్కులు తగ్గించారు.

మేం మింగుకున్న మాట ఇంకొకరు అంటే ఏమవుతుందో 2016 చూపించింది. నాంపల్లిలో సరోజినీ నాయుడి ఇల్లు గోల్డెన్ త్రెషోల్డ్‌లో 1974లో మొదలైన హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో, 2015లో అంబేద్కర్ విద్యార్థులు యాకూబ్ మెమన్ ఉరిని నిరసించారు. ముజఫర్‌నగర్ అల్లర్ల మీద తీసిన సినిమాపై జరిగిన దాడిని నిరసించారు. గొడవ ముదిరి, కేంద్రమంత్రుల దాకా ఉత్తరాలు నడిచాక, ఐదుగురు పరిశోధక విద్యార్థుల్ని హాస్టల్ నుంచి వెళ్లగొట్టారు. 2016 జనవరి 17న వాళ్లలో ఒకడైన రోహిత్ వేముల ప్రాణం తీసుకున్నాడు. మా గురించి మాట్లాడటానికి మాకు లేని ధైర్యం ఆ పిల్లలు చేశారని మేం తలవంచుతాం. మా పేరు లేనివాళ్లకే ఇంత శిక్ష పడితే, ఆ పేరే ఉన్నవాడు అదే మాట అంటే ఏమవుతుందో మీరే ఆలోచించండి. ముస్లిం ఖామోషీ మీద వ్యాసాలు రాసే ముందు ఈ లెక్క వెయ్యండి.

ఇక మా ఇంటి సంగతి. షేర్వానీ వేసుకున్న మౌనం కూడా ఒకటుంది. సయ్యద్ మాట్లాడితే అది ముస్లిం మాట, దూదేకుల మాట్లాడితే 'వాడికి ఉర్దూ రాదు, వాడేం ముస్లిం' అని నవ్వే పెద్దలు మా జమాత్‌లో ఉన్నారు. తెలుగు సభ మమ్మల్ని చూసి నవ్వినట్టే వాళ్లు నూర్‌బాషాను, ఫకీరును, మెహతర్‌ను చూసి నవ్వుతారు. ఆడపిల్ల పేపరు చదవడానికి లేస్తే బయటివాళ్లు బురఖా గురించి అడుగుతారు, లోపలివాళ్లు బురఖా ఏదని అడుగుతారు. ఆమె ఏం రాసుకొచ్చిందో ఎవరికీ అక్కర్లేదు. 2004లో 5 శాతం, కోర్టులు కొట్టేశాక 2007లో వెనకబడ్డ ముస్లిం సమూహాలకు 4 శాతం రిజర్వేషన్ ఇచ్చినప్పుడు, ఆ సీటు దక్కిన పిల్లల్ని మెరిట్ పేరుతో బయటివాళ్లు వెక్కిరించారు. కింది కులమని మావాళ్లు కొందరు వెక్కిరించారు. రెండు నవ్వులూ ఒకే నోటివి. కౌమ్ పరువు పేరుతో ఈ మాటను దాచమని ఎవరన్నా అంటే వాళ్లకూ మా జవాబు ఇదే.

సెక్యులర్ మిత్రులకు ఒక మాట. మీరు మా శత్రువులు కాదు. అందుకే మీతో పోట్లాడుతున్నాం. మా తరఫున మీరు చాలా మాట్లాడారు. గంగా-జమునా తెహజీబ్ అన్నారు. రంజాన్‌లో హలీం తిన్నారు. కాని మీ తరఫున మేం మాట్లాడిన సభ ఒక్కటి చెప్పండి. ఆర్థిక విధానం మీద, ఛందస్సు మీద, నదీజలాల మీద మమ్మల్ని పిలిచారా? మైనారిటీ సెషన్ అని మధ్యాహ్నం భోజనాల తర్వాత, జనం ఆవలించే వేళ పెడతారు. అధ్యక్షుడు మీవాడు, సమయం మించిందని చీటీ పంపేదీ మీవాడే. మీరు మా గొంతు కానక్కర్లేదు. మాకు గొంతు ఉంది. మీ చెవి కావాలి.

కాబట్టి అడిగేవి అడుగుతున్నాం. సుంకం ఎత్తెయ్యండి. మేం దేని మీద మాట్లాడటానికి వచ్చామో దాని మీదే ప్రశ్నలు వెయ్యండి. 1948ని రెండు వైపులా చచ్చిపోయినవాళ్ల లెక్కతో సహా పాఠంలో పెట్టండి. 1985లో నాంపల్లిలో పెట్టిన తెలుగు విశ్వవిద్యాలయం నుంచి హిమాయత్‌నగర్ అకాడమీ దాకా, తెలుగు ముస్లింలు రాసిన దాన్ని అనుబంధంలో కాదు, అధ్యాయంలో చేర్చండి. మా మీద జరిగే పరిశోధనను పరీక్షించే కమిటీల్లో మావాళ్లను కూచోబెట్టండి. మీ పిల్లలకు దక్కినట్టు మా పిల్లలకు తొట్రుపడే హక్కు ఇవ్వండి. మేం తప్పు వాదన చేస్తే ఆ వాదనను చీల్చి చెండాడండి. మా పేరును కాదు.

మా వాళ్లకు కూడా చెప్తున్నాం. నాలుక మడుచుకుని దక్కించుకున్న ఉద్యోగంలో చివరికి నాలుకతో పని ఉండదు. ఒక్కడు లేస్తే వాడు ముద్దాయి. పదిమంది లేస్తే అది చర్చ. ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద ఉర్దూ, తెలుగు, ఇంగ్లీషు పాత పుస్తకాలు ఒకదాని పక్కన ఒకటి పడుంటాయి. ఏది దర్బారుదో, ఏది గల్లీదో అక్కడ ఎవరూ అడగరు. పట్టుకుని తిరగేసి, నచ్చితే కొంటారు, నచ్చకపోతే కింద పెడతారు. ఆ ఫుట్‌పాత్ పాటి మర్యాద మీ సెమినార్ హాళ్లకు నేర్పడానికే మేం వస్తున్నాం. ఈసారి జేబులో మడిచి పెట్టుకున్న కాగితం కూడా తీసి చదువుతాం.